పెద్దావిడకు వీపు చూపిన అడుగులు

"పొద్దు గుంకేలోపు వాణ్ని రాయి కట్టి నదిలో తోసేస్తాను. అందాకా నీ ఇష్టం వచ్చినట్టు వెతుక్కో తాల్వెనా. మాకూ కాలక్షేపం," అన్నాడు కోటపాలుడు గోర్వాన్.

మా వదిన అతని మొహం వంక చూడనైనా చూడలేదు. గుడి గడప మీద కూర్చుని చెప్పులు విప్పుతూ, "రాయి తెప్పించావా?" అని అడిగింది.

"తెప్పించాను."

"దాచిపెట్టుకో. సాయంత్రం దాని మీద కూర్చుని తీరిగ్గా ఏడవడానికి నీకే పనికొస్తుంది."

గోర్వాన్ వెనకున్న భటుల్లో ఒకడు కిసుక్కున నవ్వి, వెంటనే దగ్గులోకి దిగాడు. ఇదీ మా వదిన తాల్వెన. మా అన్న పోయాక ఆయన చేసే నేరపరిశోధన పనిని తనే నెత్తికెత్తుకుంది. ఆ పనితోపాటు నన్నూ నెత్తికెత్తుకుంది. నా పేరు ఒష్కా. మూటలు మొయ్యడం, తలుపులు కొట్టడం, తిట్లు తినడం నా వంతు. పైకి విసుక్కుంటాను గానీ, ఆవిడ బుర్రకి నేను రోజూ మనసులో దండం పెట్టుకుంటాను.

జరిగింది చెబుతాను. గడిచిన రాత్రి మా కడ్రోష్ గుడిలో పీట మీద ఉండాల్సిన పెద్దావిడ కనిపించకుండా పోయింది. పెద్దావిడ అంటే ముసలమ్మ కాదు, పుస్తకం. శాసనాల్లో ఇల్మేరు అని పెద్ద పేరు ఉంది. ఊళ్లో ఎవరూ అలా పిలవరు. రోజూ తెల్లవారుజామున ఆ పుస్తకం తనంతట తనే ఒక పుట తెరుస్తుంది. ఆ రోజు ఊళ్లో ఎవరి కష్టం పెద్దదో ఆ కష్టానికి మందు ఆ పుటలో ఉంటుంది. చదువరమ్మ దాన్ని పైకి చదివితే చాలు. చిన్నప్పుడు నాకు గొంతు వాచి ఊపిరాడక నీలంగా మారిపోతే, ఎవరూ చెప్పకుండానే పెద్దావిడ గొంతు పుట తెరిచి కూర్చుందట. లోకంలో మంత్రాల పుస్తకాలు చాలా ఉండొచ్చు. అడగకముందే మన బాధ తెలుసుకుని పుట తిప్పే పుస్తకం ఇంకొకటి చూపించండి, నా చెవి కోసి చేతిలో పెడతాను.

అలాంటి తల్లికి ఎవరూ వీపు చూపించరు. లోపలికి మామూలుగా వెళ్లి, బయటికి వెనక్కి నడుచుకుంటూ వస్తాం. కడ్రోష్ వాళ్లకి తల వెనక బొప్పి కట్టనిదే పెళ్లి కుదరదని పొరుగూళ్లవాళ్లు వెక్కిరిస్తారు. నవ్వుకోనివ్వండి.

పెద్దావిడ లేని రోజు ఊళ్లో పొయ్యి వెలిగించకూడదు. నాకు పొద్దున్నించీ కడుపులో ఎలుకలు పరిగెడుతున్నాయి.

గర్భగుడిలోకి మేం ముగ్గురమే వెళ్లాం. నేల మీద పరిచిన యవల పిండి వెన్నెలలా తెల్లగా ఉంది. రోజూ సాయంత్రం తలుపు మూసేముందు అలా పిండి చల్లుతారు. వయసు మీద పడింది కదా, రాత్రుళ్లు పెద్దావిడ అక్షరాలు వెంట్రుకల్లా రాలుతుంటాయి. పిండి మీద పడితే తెల్లారి కనిపెట్టడం తేలిక. ఈకతో ఎత్తి పుట మీద ఉంచితే అవే పాక్కుంటూ పోయి తమ వరసలో కూర్చుంటాయి. ఇది మా ఊరి గుట్టు, పరాయివాళ్లకి చెప్పం.

ఆ పిండిలో గుమ్మం నుంచి పీట దాకా అడుగులు, మళ్లీ పీట నుంచి గుమ్మం దాకా అడుగులు. గుడిలోకి అందరూ ఉన్నిగుడ్డలు కాళ్లకి చుట్టుకునే వస్తారు కాబట్టి, పాదం ఎవరిదో తేలదు. వేళ్లు ఎటున్నాయో మాత్రం తేలుతుంది.

"ఇదిగో, కళ్లు పెట్టి చూడు," అన్నాడు గోర్వాన్. "వచ్చేటప్పుడు వేళ్లు పీట వైపు. పోయేటప్పుడు వేళ్లు గుమ్మం వైపు. అంటే తిరిగి, వీపు చూపించి, దర్జాగా నడిచిపోయాడు. మనూళ్లో పుట్టినవాడెవడైనా ఆ పని చేస్తాడా? మా ఇంట్లో పిల్లి కూడా చెయ్యదు. ఊళ్లో ఉన్న పరాయివాడు ఒక్కడే. కిటికీ అద్దాలు బిగించడానికి నది అవతలి అస్మూర్ నుంచి వచ్చిన ఆ జూమిర్‌గాడు. గుడి వసారాలోనే పడుకుంటున్నాడు."

"ఇంకేం దొరికింది?"

"ఇంకేం కావాలి?"

"అతని దగ్గర పెద్దావిడ దొరికిందా?"

"నీళ్లు మింగిస్తే అదే కక్కుతాడు."

"నీళ్లలో మునిగినవాడు బుడగలు కక్కుతాడు గోర్వాన్, నిజాలు కాదు."

వదిన మోకాళ్ల మీద కూర్చుని చెంప నేలకి ఆనేంతగా వంగింది. చాలాసేపు అలాగే ఉండి, తల ఎత్తకుండా అడిగింది: "మరిదీ, ఆ బయటికెళ్లిన అడుగులు తిన్నగా ఉన్నాయా?"

"లేవు వదినా. కల్లు తాగొచ్చినట్టు అటో అడుగు, ఇటో అడుగు."

"రాలిన అక్షరాలు ఎక్కడున్నాయో చూడు."

చూశాను. పిండిలో నల్ల జీలకర్రలా అక్కడక్కడా పడి ఉన్నాయి. కొన్ని ఆ అడుగుల దారిలోనే ఉన్నాయి. ఒక్కటీ నలగలేదు. ఒకచోటైతే పడబోతున్న పాదం మడమ మీద గిరుక్కున తిరిగి పక్కకి జరిగిన గుర్తు కూడా ఉంది. రాలిన అక్షరం చీకట్లో మిణుగురులా వెలుగుతుంది. ఆ వెలుగు చూసుకుంటూ, ఒక్కదాన్నీ తొక్కకుండా నడిచిన దొంగ! నేను నోరు తెరిచేలోపే వదిన కళ్లతో నా నోరు మూయించింది.

"ఏమిటా గుసగుసలు?" అన్నాడు గోర్వాన్.

"మా మరిదికి ఆకలేస్తోందట."

అదీ నిజమే కాబట్టి నేను కాదనలేదు. ముగ్గురం వెనక్కి నడుచుకుంటూ బయటికొచ్చాం. పీట మీద ఆవిడ లేకపోయినా కాళ్లు అలాగే నడిచాయి. గోర్వాన్ తల గుమ్మానికి ఠంగుమని కొట్టుకుంది. నాకు ప్రాణం లేచొచ్చింది.

జూమిర్‌ని గుర్రపుశాలలో కట్టేశారు. ముప్పై దాటని మనిషి, చేతుల నిండా అద్దం గీసిన మచ్చలు. మమ్మల్ని చూడగానే లేవబోయి తాడు లాగితే కూలబడ్డాడు.

"రాత్రి ఎక్కడున్నావు?" అంది వదిన.

"వసారాలోనే పడుకున్నానక్కా. వీళ్ల బూటుకాళ్లు తగిలాకే మెలకువొచ్చింది."

"పనిచేసే రోజుల్లో గుడిలోంచి బయటికి ఎలా వచ్చేవాడివి?"

"వెనక్కే! మొదటిరోజు తెలీక తిరగబోతే చదువరమ్మ నా భుజాలు పట్టుకుని ఆపింది. అప్పట్నించీ వెనక్కే. ఆ నడక పుణ్యమా అని రెండు పెద్ద అద్దాలు పగలగొట్టుకున్నాను. మీ ఊరి దణ్ణాలన్నీ నా నడుం మీదే పడ్డాయక్కా."

నాకు నవ్వొచ్చింది. వదిన నవ్వలేదు. "రాలిన అక్షరాల గురించి ఎవరైనా చెప్పారా?"

"అక్షరాలు రాలడమేంటి? అవేమన్నా పళ్లా?"

వదిన అతని మొహంలోకి కాసేపు చూసింది. అతను గొంతు తగ్గించాడు. "అక్కా, చంపితే చంపారు. మా ఆవిడకి మాత్రం నేను దొంగని కాదని కబురు పెట్టండి. దాని దగ్గర చెడ్డపేరుతో పోవాలంటే నాకు భయంగా ఉంది."

"కబురు నువ్వే చెప్పుకుందువుగాని," అంది వదిన. అలా మాటిచ్చేసింది. సూర్యుడేమో అప్పటికే పడమటికి వాలాడు.

చదువరమ్మ ఇస్తేన గది గుడి ముంగిలికి ఎదురుగా ఉంది. డెబ్భై ఏళ్ల మనిషి. నా గొంతు పుట చదివిన నోరు ఆవిడదే. నేను కాళ్లకి దండం పెడితే తల నిమిరింది.

"పొయ్యి లేదు నాయనా, మంచినీళ్లే ఇవ్వగలను," అంటూ మూలనున్న కుండ దగ్గరికి వెళ్లింది. ఎండ్రకాయలా పక్కకి పక్కకి జరుగుతూ వెళ్లి, అలాగే జరుగుతూ తిరిగొచ్చింది. పాపం, మోకాళ్లు పట్టేశాయి కాబోలు అనుకున్నాను.

"తాళంచెవులు ఎన్నమ్మా?" అంది వదిన.

"రెండు. ఒకటి నా నడుముకి, ఒకటి కోటలో."

"ఆవిడ్ని ఆఖరుసారి ఎప్పుడు చూశారు?"

"దీపం కొండెక్కించి నేనే పిండి చల్లాను. మళ్లీ తెల్లారుజామున తలుపు తీస్తే పీట ఖాళీగా ఉంది. కేక పెట్టింది నేనే."

"గోర్వాన్ మిమ్మల్ని నిప్పుపుట చదవమన్నాడని విన్నాను."

చదువరమ్మ చేతిలో చెంబు ఆగిపోయింది. "రేపు పొద్దున్నే. నది ఒడ్డున నిలబడి. ఉప్పుమడుల తగాదా తేల్చడానికి ఎల్లుండి అస్మూర్ రాయబారులు వస్తున్నారు. వాళ్లొస్తే సంధి కుదురుతుందని అతని భయం. వాళ్లు బయల్దేరేలోపే అవతలి ఒడ్డు బూడిదవ్వాలట. కోట ఆజ్ఞ. చదువరికి కాదనే హక్కు లేదమ్మా."

"ఆ పుట మీరెప్పుడైనా చదివారా?"

"లేదు. మా గురువమ్మ ఒకే ఒక్కసారి చదివింది. తర్వాత బతికినన్నాళ్లూ ఆవిడ వేడి తిండి నోట పెట్టలేదు. పెద్దావిడ ఆ పుటని తనంతట తను తెరవలేదమ్మా. నలుగురు మగాళ్లు పట్టుకుని బలవంతాన తెరిచారు. ఎన్ని వందల ఏళ్లు! ఎంతమంది కోసం ఎన్ని పుటలు తెరిచింది! ఆ ఒక్కటీ మాత్రం ఎవరికోసమూ తెరవలేదు. అంత చల్లని తల్లి."

ఆ మాట అంటుంటే ఆవిడ ముడతల మొహం వెలిగిపోయింది. వదిన ఆ వెలుగు తగ్గేదాకా ఊరుకుని, మెల్లిగా అంది: "సాయంత్రం ఆ అద్దాలతను చచ్చిపోతాడు."

"తెలుసు."

"అతనే తీశాడంటారా?"

చెంబులో నీళ్లు నేల మీద ఒలికాయి. "నా నోరు అబద్ధానికి తిరగదు తల్లీ, నిజానికి తెరుచుకోదు. ఇంక వెళ్లండి," అంది.

బయటికొచ్చీ రాగానే నేను ఆగలేకపోయాను. "వదినా! ఆవిడే గదా..."

"ఇంకాస్త గట్టిగా అరువు, గోర్వాన్‌కి నేను వేరే చెప్పక్కర్లేదు. నీ నోట్లో నువ్వుగింజ నానదు కదా." నన్ను గోడ చాటుకి లాగింది. "ఆవిడకి మోకాళ్ల నొప్పి అనుకున్నావా? గదిలో ఉన్నంతసేపూ గుమ్మం వైపు వీపు తిప్పలేదు. గుమ్మంలోంచి ఏం కనిపిస్తోంది?"

చూశాను. ముంగిలి. ముంగిలి మధ్య గుడి రొట్టెలు కాల్చే పెద్ద బట్టీ, మూతికి ఇనప రేకు అడ్డం పెట్టి ఉంది. పెద్దావిడ లేని రోజు ఊళ్లో నిప్పు రాజెయ్యరు కాబట్టి, ఈవేళ దాని మొహం చూసేవాడే ఉండడు.

"అయితే రెండు రోజులు దాచాలనుకుందన్నమాట, రాయబారులు వచ్చేదాకా," అన్నాను.

"అవును. మధ్యలో ఒక అమాయకుడి పీక చిక్కుకుంటుందని అనుకోలేదు. నిజం చెబితే నదికి అవతల ఊళ్లకి ఊళ్లు తగలబడతాయి. చెప్పకపోతే వీడు మునుగుతాడు." వదిన కొంగు బిగించింది. "సగం నిజం చెబుతాను. ఆ సగంతో వాణ్ని బయటపడెయ్యాలి."

ముంగిలంతా జనం. జూమిర్‌ని ఈడ్చుకొచ్చారు. రాయి కూడా వచ్చింది. వదిన జనాన్ని చీల్చుకుంటూ వెళ్లి గర్భగుడి తలుపులు బార్లా తీయించింది.

"అందరూ చూడండి. దొంగ నడిచిన దారిలో అక్షరాలున్నాయి. ఒక్కటైనా నలిగిందా?"

ముందు వరసవాళ్లు వంగి చూశారు. "లేదు... లేదు..." అని ఒకరికొకరు చెప్పుకున్నారు.

"కట్లు విప్పి ఇతన్ని లోపలికి పంపండి. జూమిర్, ఆ పీట తాకి రా."

గోర్వాన్ అడ్డం చెప్పేలోపే జనం విప్పేశారు. జూమిర్ బెదురుచూపులతో గడప దాటి, మొదటి అడుగే సరిగ్గా ఒక అక్షరం మీద వెయ్యబోయాడు. "అయ్యో! అయ్యయ్యో! కాలు తియ్యరా!" అని ముంగిలి దద్దరిల్లేలా అరిచారు. వాడు ఒంటికాలి మీద కొంగలా నిలబడిపోయి, "ఏం చేశానండీ? ఆ జీలకర్ర ఎవరో పారబోశారనుకున్నాను!" అన్నాడు ఏడుపు గొంతుతో.

జనం గొల్లున నవ్వారు. పొద్దున్నించీ మా ఊరు నవ్వడం అదే మొదలు.

"నాటకం!" అన్నాడు గోర్వాన్. "మరి వీపు మాటేమిటి? మనవాడైతే వీపు చూపిస్తాడా?"

ఈ ప్రశ్న వస్తుందని వదినకి తెలుసు. తప్పించుకునే దారి లేదనీ తెలుసు. "పసిపిల్లని ఎత్తుకున్నట్టు పెద్దావిడ్ని గుండెలకి హత్తుకుని నడిస్తే, ఆవిడ ఎక్కడున్నట్టు? ఎదురుగానే ఉంది. ఎత్తుకెళ్లినవాళ్లు వీపు చూపించింది వట్టి పీటకి. ఆవిడకి కాదు."

జనం వెనక నుంచి ఎవరో ముసలామె, "నిజమే కదే," అంది. ఆ మాట చాలింది. అందరూ ఒక్కసారిగా గోర్వాన్ మీద పడ్డారు. రాయిని కాళ్లతో దొర్లించి అవతల పారేశారు. నేను పరుగెత్తి జూమిర్‌ని పట్టుకున్నాను. మా వదిన ఒక మనిషి ప్రాణం ఉత్తి మాటలతో తెచ్చి నా చేతుల్లో పెట్టింది. నా గర్వం అంతా ఇంతా కాదు.

ఆ గర్వం ఎంతోసేపు నిలవలేదు. గోర్వాన్ నవ్వుతున్నాడు.

"దండం తాల్వెనా! తీర్పు ఒప్పుకున్నాను. అయితే నువ్వు చెప్పిన లెక్క నాకూ అర్థమైంది. దొంగ మనూరి మనిషే. చచ్చినా పెద్దావిడకి వీపు చూపించని మనిషి. అంటే ఇప్పుడు కూడా చూపించడు, అంతేగా? తాళంచెవులు రెండు. కోటది నా మెడలో ఉంది." చదువరమ్మ గది గుమ్మం వైపు తిరిగి గొంతు పెంచాడు. "చదువరమ్మా! ఒక్కసారి ఈ ముంగిలి చుట్టూ తిరిగి నా దగ్గరికి రండి. మామూలుగా నడవండి, పొద్దున్నించీ నడుస్తున్నట్టు ఎండ్రకాయలా కాదు."

వదిన మొహం పాలిపోయింది. ఆవిడ మొహంలో భయం నేనెప్పుడూ చూడలేదు.

"నడుస్తుందిలే వదినా, ఏమవుతుంది? కావాలంటే తర్వాత లెంపలేసుకుంటుంది," అన్నాను.

"నీకు తెలీదు మరిదీ. మనం వీపు చూపిస్తే తప్పు, అంతే. చదువరి ప్రమాణం చేసి కూర్చుంటుంది. చదువరి వీపు చూపిస్తే ఆ కళ్లకి పెద్దావిడ అక్షరాలు ఇంక కనబడవు. ఏనాటికీ."

చదువరమ్మ బయటికొచ్చింది. బావి పక్కనుంచి, గుడి మెట్ల మీదుగా నడిచింది. బట్టీకి ఎదురుగా వస్తున్నంతసేపూ తల ఎత్తే ఉంది. బట్టీ దగ్గరికి వచ్చి ఆగింది. అక్కణ్నించి గోర్వాన్ వైపు రావాలంటే తిరగాలి. జనంలో ఎవరికీ ఏమీ తెలీదు. ఒకడు ఆవలిస్తున్నాడు. గోర్వాన్ కళ్లు ఆవిడ పాదాల మీద ఉన్నాయి.

ఆవిడ తిరిగింది. బట్టీకి నిండుగా వీపు పెట్టి, ఒక అడుగు వేసింది, ఇంకో అడుగు వేసింది. కళ్ల నుంచి నీళ్లు ధారగా కారుతున్నాయి. నడక మాత్రం తడబడలేదు. యాభై ఏళ్లుగా నిద్రలో కూడా ఆ తల్లి వైపే ఒత్తిగిలి పడుకున్న మనిషి. నేను చూడలేక జూమిర్ భుజంలో మొహం దాచుకున్నాను.

గోర్వాన్ మొహంలో నవ్వు సడలింది. సరిగ్గా అప్పుడే, ముంగిలి చివరనున్న గంటగోపురం ముందు నుంచి వస్తూ చదువరమ్మ ఉలిక్కిపడి చేతులు జోడించింది. గోపురం వైపు మొహం తిప్పి, నాలుగు అడుగులు వెనక్కి వెనక్కి జరిగింది.

"గోపురంలో ఉంది!" అని పొలికేక పెట్టాడు గోర్వాన్. కత్తి దూసి పరుగెత్తాడు. భటులూ జనమూ అతని వెనకాల విరుచుకుపడ్డారు. ముంగిలి ఖాళీ అయిపోయింది. గోపురం తలుపు బద్దలవుతున్న చప్పుడు వినిపించింది.

చదువరమ్మ మా దగ్గరికి వచ్చింది. వదిన బట్టీ రేకు కాస్త జరిపింది. లోపలి చీకట్లో, తెరుచుకున్న పుటల మీద అక్షరాలు సన్నగా వెలుగుతున్నాయి. ఊపిరి తీస్తున్నట్టు ఒకసారి పెరుగుతూ, ఒకసారి తగ్గుతూ. అంత అందం నేను మళ్లీ చూడను.

"ఉందా నాయనా?" అని చదువరమ్మ నన్ను అడిగింది.

"ఉందమ్మా. వెలుగుతోంది."

"నాకు బూడిదే కనిపిస్తోంది." బట్టీ రేకు అంచు తడిమింది. "పోనీలే. ఇంక నిప్పుపుట చదివే కళ్లు ఈ ఊళ్లో లేవు. అతనికి ఆవిడ దొరికినా ఏం చేసుకోలేడు. కానీ ఆ కోపం ఆవిడ మీద చూపిస్తాడు, కాల్చేస్తాడు. తీసుకుపోండమ్మా." తర్వాత జూమిర్ చేతులు పట్టుకుంది. "పొద్దున్నించీ నిన్ను చంపింది నా మౌనమే. నన్ను ఏమన్నా అను."

జూమిర్ వసారాలోంచి తన అద్దాల పెట్టె ఈడ్చుకొచ్చి, బట్టీలోకి చూస్తూనే మూత తెరిచాడు. "ముందు ఆవిడ్ని ఇందులో పడుకోబెట్టండమ్మా. తిట్లు దారిలో ఆలోచించుకుంటాను."

వదిన పుస్తకాన్ని పెట్టెలోని గడ్డిలో సర్దుతుండగా గోపురం తలుపులో గోర్వాన్ కనిపించాడు. చేతులు ఖాళీ. మసకచీకట్లో కళ్లు మా కోసమే వెతుకుతున్నాయి.

"చదువరమ్మా!" అని అరిచాడు.

"వస్తున్నా," అంది ఆవిడ. పమిట సర్దుకుని, మాకూ ఆ పెట్టెకీ వీపు పెట్టి, దూసిన కత్తికి ఎదురుగా నడిచింది. ఈసారి ఏడవలేదు.